తొట్టెలలో పిలవాల్సిన పేరు

గోదావరిఖని,
11 నవంబరు 2025, మంగళవారం.

చిరంజీవి సౌభాగ్యవతి రవళికి, నీ ఒడిలోని పసివాడికి, అల్లుడు సంపత్‌కు, మీ బాపమ్మ ఐలవ్వ నిండు మనసుతో దీవెనలు పెట్టి రాయిస్తున్న ఉత్తరం.

ఇక్కడ నేను బాగానే ఉన్నాను. మోకాళ్ళు నా మాట వినడం మానేశాయి కాని నోరు ఇంకా నా చెప్పుచేతల్లోనే ఉంది. నీ కుట్లు మానాయా? పెద్దాపరేషన్ అయిన బాలింతవు, చన్నీళ్ళలో చేయి పెట్టకు, చెవులకు గుడ్డ కట్టుకో. మీ అమ్మ శోభ హైదరాబాదు వచ్చి నీ పక్కనే ఉంది కాబట్టి నాకు ఫికర్ లేదు. శోభ కూడా ఫోను చూసి పథ్యం వండే మనిషే కాబట్టి కొంచెం ఉంది.

నాకు అక్షరం ముక్క రాదని నీకు తెలుసు. చెప్పేది నేను, రాసేది మన పక్కింటి డెబోరా టీచరమ్మ. బళ్ళో పిల్లలకు తెలుగు చెప్పి రిటైరైన మనిషి. నేను ఒక తీరుగా చెబితే ఆమె పుస్తకంలో అచ్చేసినట్టు రాస్తోంది. రాసిందాకా చదివించుకొని, “ఏందమ్మా గిది, నేనెప్పుడన్న నా జన్మల ‘కాబట్టి’ అన్ననా?” అని అడిగాను. “ఐలక్కా, నీ మాట నేను మార్చ. ఉతికి ఆరేస్తున్న, గంతే” అన్నది. సరే ఉతకమన్నాను. రంగు దిగితే మాత్రం ఊరుకోనని చెప్పాను.

ఇక అసలు సంగతి.

మొన్న ఆదివారం నువ్వు ఫోను చేసి, బిడ్డను తొట్టెలలో వేసే వేడుక గురించి సంబరంగా ఒక మాట చెప్పావు. “బాపమ్మా, తొట్టెలకు పేరు ఖాయం చేసినం. తాత పేరే పెడుతున్నం. సదయ్య అంటే జర పాతగుంటదని సదయ్ అని పిలుస్తం. అర్థం నేనే సరిచూసిన. దయ ఉన్నోడు అని” అన్నావు. నేను ఆ పేరు వద్దన్నాను. ఎందుకని అడిగావు. వద్దంటే వద్దని ఫోను పెట్టేశాను.

అరగంట కాలేదు, మీ బాపు వేణుమాధవ్ ఫోను చేసి నా మీద ఎగిరాడు. “నీకేమైందే అవ్వా? బాలింత పోరి ఏడుస్తున్నది. బాపు పేరు పెడుతమంటే కాదనేటోళ్ళుంటరా? సంపత్ వాళ్ళమ్మ ముంగట నా ఇజ్జత్ పోయింది” అన్నాడు. ఆ వియ్యపురాలు, “ముసలామెకు పోయిన మొగుని మీద గూడ గింత కోపమా?” అన్నదట. ఆమెకు నా దండాలు చెప్పు. మొగుడి మీద కోపం నాకు పెళ్ళయిన ఏడాది నుంచీ ఉంది, ఆయన పోయాక కూడా ఉంది, అది నా సొంతం. దానికీ ఈ పేరుకూ సంబంధం లేదు.

ఎందుకు వద్దన్నానో అప్పుడే ఎందుకు చెప్పలేదంటే, నీ ఫోను ఎప్పుడూ స్పీకర్‌లో ఉంటుంది బిడ్డా. నువ్వొక్కదానివే వింటున్నావనుకొని నేను మాట్లాడితే, వెనక నుంచి పాలు పోసే అతను కూడా జవాబు చెబుతాడు. నేను చెప్పబోయేది అట్లా చెప్పే సంగతి కాదు. అందుకే ఉత్తరం. దీన్ని ముందు నువ్వొక్కదానివే చదువు. తర్వాత సంపత్‌కు చెప్పు. మీ బాపుకు కూడా నువ్వే చెప్పు. నేను చెబితే వాడు సగం విని మిగతా సగం అరుస్తాడు.

నీ కొలువు ఏమిటో నాకు మొదట్లో అర్థం కాలేదు. బసంత్‌నగర్ సిమెంటు ఫ్యాక్టరీలో మీ బాపు ఏం చేస్తాడంటే చెప్పగలను. నువ్వేం చేస్తావని ఎవరన్నా అడిగితే, పిల్లలకు పేర్లు అమ్మే కంపెనీలో ఉన్నదని చెప్పేదాన్ని. నువ్వు నవ్వి, “అమ్ముడు కాదు బాపమ్మా. కడుపుతోటున్నోళ్ళు ఫోన్ల పేర్లు చూసుకుంటరు. ఆ పేరు ఏడికెల్లొచ్చింది, దాని అర్థమేంది అని పక్కన రాసుంటది. ఎవ్వరికి తోచింది వాళ్ళు రాస్తరు. అది నిజమా కాదా అని నేను సరిచూస్త” అన్నావు. అప్పుడు నాకు అర్థమైంది. బియ్యంలో రాళ్ళేరే పని.

మూడేళ్ళ కిందట వానాకాలంలో వచ్చినప్పుడు నా పేరు కూడా చూశావు, యాదుందా? ఐలవ్వ అంటే భూమి అని, సంస్కృతమని ఎవరో రాసి పెట్టారు. నువ్వు నమ్మక, నన్నే అడిగావు. మా అవ్వ పిల్లల కోసం ఐలోని మల్లన్నకు మొక్కుకుంటే పుట్టానని, ఆ దేవుడి ఊరి పేరే నా పేరని చెప్పాను. నువ్వు అప్పటికప్పుడు దాన్ని కొట్టేసి, నేను చెప్పింది రాశావు. నా పేరు ఎందుకొచ్చిందని అంతకు ముందు నన్ను అడిగినవాళ్ళు లేరు. అందుకే ఈ ఉత్తరం మీ బాపుకు కాక నీకు రాయిస్తున్నాను. అడిగి తెలుసుకునే బుద్ధి నీకుంది.

అదే రోజు సాయంత్రం ముసురు పట్టింది. అందరం అరుగు మీద కూర్చుని కాల్చిన మక్కకంకులు తింటున్నాం. మీ తాత నులక మంచం మీద కూర్చుని గింజలు ఒలుస్తున్నాడు. నువ్వు ఫోన్లో పాత పేర్లు తీసి ఒక్కొక్కటే చదువుతున్నావు. ఒక పేరు దగ్గర ఆగి, “పెంటయ్య. అర్థం చెత్తకుప్ప. పిల్లలకు పెట్టదగని పేరు” అని చదివావు. మీ బాపు పకపకా నవ్వాడు. శోభ నవ్వింది. నువ్వూ నవ్వావు. మీ తాత కూడా నవ్వాడు.

నవ్వి, “అర్థం తప్పు రాసిన్రు బిడ్డా” అన్నాడు. “పెంటంటే చెత్త గాదు. పొలానికి తోలే ఎరువు. అది తోలకుంటే ఆ ఏడు ఇంట్ల గింజ ఉండది” అన్నాడు. మరి మనిషికి ఆ పేరేంది తాతా అని నువ్వు అడిగితే, మా ఊళ్ళో ఒకడుండేవాడని ఒక కత చెప్పాడు. ఆ తల్లికి పుట్టిన పిల్లలు పుట్టినట్టే పోయేవాళ్ళట. ఈసారి పుట్టినవాణ్ణి బొడ్డు కోసిన వెంటనే ఎరువు కుప్ప మీద పడుకోబెట్టి, వీడు మాకొద్దని గట్టిగా అరిచి ఇంట్లోకి వచ్చేసిందట. పక్కింటామె పోయి, దిక్కులేని పిల్లగాడు దొరికాడని చాటలో వేసుకొని తెచ్చి, చాటెడు తవుడుకు ఆ తల్లికే ఇచ్చిందట. తల్లికే అక్కరలేని బిడ్డ చావుకు మాత్రం ఎందుకని, చావు వాణ్ణి వదిలేసి పోవాలని. వాడు బతికాడు. “అర్థం రాయాల్నంటే, బతకాలె అని రాయి బిడ్డా” అన్నాడు.

“గట్ల రాస్తే గూడ ఈ పేరు ఎవ్వరు పెట్టుకోరు తాతా” అన్నావు నువ్వు.

“ఇప్పుడు మాత్రం ఎవ్వరు పెట్టుకుంటున్నరు” అని మళ్ళీ నవ్వి, ఉప్పు తెస్తానని లోపలికి పోయాడు. ఉప్పు మంచం మీదే ఉంది.

ఆ సాయంత్రాన్ని అక్కడే ఉంచు. నేను మళ్ళీ అక్కడికి వస్తాను.

మన ఇంటి పద్ధతి నీకు తెలుసు. పసిపిల్లలకు పోయిన పెద్దల పేరు పెడతాం. బతికున్న మనిషి పేరు పెట్టం. పిల్లవాడు అల్లరి చేస్తే ఆ పెద్దమనిషిని తిట్టినట్టవుతుంది. అంతకన్నా చెడ్డది, నువ్వు లేచి జాగా ఖాళీ చెయ్యి, నీ పేరు వేరేవాళ్ళకు ఇచ్చేశాం అని మొహం మీద చెప్పినట్టవుతుంది. ఇంతవరకు ఒప్పుకుంటావు కదా?

సదయ్య బతికే ఉన్నాడు బిడ్డా.

చదివింది మళ్ళీ ఒకసారి చదువు. టీచరమ్మ తప్పు రాయలేదు. నాకు మతి పోలేదు. మీ తాత పని చేసిన బొగ్గు గని కంపెనీ కార్డు మీద, పింఛను కాగితం మీద, మీ బాపు బడి సర్టిఫికెట్ల మీద సదయ్య అని ఉన్నది మీ తాత పేరు కాదు. అది ఊళ్ళో ఉన్న దోస్తు తాత పేరు. ప్రతి ఏడూ మనకు కందులు, పెసర్లు పట్టుకొచ్చే దోస్తు తాత. నువ్వు చిన్నప్పుడు ఆయన భుజాల మీదెక్కి తలపాగా ఊడబీకేదానివి. ఆయనకు దోస్తు తాత అని కాక వేరే పేరు ఉంటుందని నీకెప్పుడూ తోచలేదు. తోచకూడదనే మేమూ ఉన్నాం.

అది ఎట్లా జరిగిందో చెబుతాను. మా ఊరు మంథని దిక్కు. వాళ్ళిద్దరూ చిన్నప్పుడు కలిసి గొడ్లు కాసినవాళ్ళు. నేను కాపురానికి వచ్చిన ఏడు వానలు పడలేదు. మీ తాత ఒక ఆసామి దగ్గర జీతం ఉండేవాడు. అక్కడ పని ఉన్ననాడు జొన్న గటక, లేనినాడు మంచినీళ్ళు. ఆ ఏడే సదయ్యకు కంపెనీ నుంచి బొగ్గు బాయి పనికి రమ్మని కార్డు వచ్చింది. సదయ్య తండ్రి బావి తవ్వుతుంటే మట్టిపెళ్ళ విరిగిపడి పోయినవాడు. కార్డు సంగతి వినగానే ఆ తల్లి గడపకు అడ్డం పడుకున్నది. “నన్ను దాటుకుంట పో. భూమిల దిగే పని నా కొడుకు చెయ్యడు” అన్నది.

సదయ్య ఆ కార్డు తెచ్చి మీ తాత చేతిలో పెట్టాడు. “నువ్వు పో. ఎవ్వడన్న అడిగితే సదయ్యను నేనే అను. నేనిక్కడ గొడ్లతోటి ఎట్లనో బతుకుత” అన్నాడు. మా అత్త ఇంట్లో ఉన్న ఒక్క కోడిపుంజును తెచ్చి ఇయ్యబోతే చేత్తో కూడా ముట్టలేదు. “దీన్ని కోసుకొని తింటే నా పేరు నేను అమ్ముకున్నట్టయితదే పెద్దవ్వా” అన్నాడు.

ఆ రోజుల్లో అట్లా ఒకరి కార్డు మీద ఇంకొకరు పనిలో చేరడం మా బాయిల దిక్కు కొత్త సంగతి కాదు. టీచరమ్మ రాయడం ఆపి నవ్వుతున్నది. ఆమె పెనిమిటి శాంతిరాజ్, మీ తాత ఒకే షిఫ్టు. డ్యూటీకి దిగేటప్పుడు “సదయ్యా” అని పిలిస్తే మీ తాత కొత్తలో తల ఎత్తేవాడు కాదట. శాంతిరాజ్ మోచేత్తో పొడిచి, “అన్నా, నిన్నే. నీ పేరు నువ్వు మరిచిపోతే మేం ఎంతకని యాదిజేస్తం” అనేవాడట. పొడిపించుకొని పొడిపించుకొని మీ తాత సదయ్య అయ్యాడు. నాకు మాత్రం ఏ తిప్పలూ లేదు. పెనిమిటి పేరు నోటితో పలికే ఆనవాయితీ మాకు లేదు. నిజం పేరైనా, మంది దగ్గర తెచ్చుకున్న పేరైనా నేను పిలిచేది “ఇగో, ఇంటున్నవా?” అనే.

తర్వాత ఎవరో కిట్టనివాళ్ళు ఆకాశరామన్న కాగితం పెట్టారు. విచారణకని జీపు ఒకటి మా ఊరికి పోయింది. అందులో వచ్చిన సారు ఎవరిని అడిగాడనుకున్నావు? చేన్లో నాగలి పట్టుకొని ఉన్న సదయ్యనే అడిగాడు, ఈ ఊళ్ళో సదయ్య ఎవరని. ఆయన నాగలి ఆపి, “సదయ్య బాయి పనికి పోయిండు సారూ. బతుకమ్మ పండుగకు వస్తడు” అన్నాడు. తన చేన్లో తాను నిలబడి, తాను లేనని చెప్పాడు. సారు ఊరంతా తిరిగినా అందరూ అదే మాట అన్నారు.

ఆ రోజు నుంచి ఊరు రెండు పేర్లను మింగేసింది. మళ్ళీ జీపు వస్తుందేమోనని ఆయన్ను సదయ్య అని పిలవడం మానేశారు, దోస్తు అన్నారు. మీ తాతను కూడా ఆయన సొంత పేరుతో పిలవలేదు, బొగ్గు మామ అన్నారు. భయం పోయింది గాని అలవాటు పోలేదు. మీ బాపు పుట్టేసరికే ఆ రెండు పేర్లూ ఊళ్ళో వినిపించేవి కావు. వాడికీ తెలియదు. వాడిమీద కోపం పెట్టుకోకు, నన్ను అరిచినప్పుడు వాడు తండ్రి కోసమే అరిచాడు.

మధ్యాహ్నం బ్లాస్టింగు అయింది. ఓపెన్‌కాస్టు బొగ్గు గని మన ఇంటి పక్కకే వచ్చినట్టుంది. రేకులు అదిరి టీచరమ్మ చాయ్ గ్లాసు కింద పడింది. ఆమె తుడుచుకొని వచ్చింది. చెప్పు ఐలక్కా అంటున్నది.

మీ తాత పోయి రెండేళ్ళయింది. నువ్వు అప్పుడు గోదావరి ఒడ్డు దాకా రాలేదు, ఆడపిల్లలను తీసుకుపోలేదు. పిండం పెట్టేటప్పుడు పోయిన మనిషి పేరు చెప్పమన్నారు. మీ బాపు సదయ్య అని చెప్పాడు. వాడికి తెలిసింది అదే. నేను వెనక నిలబడి ఉన్నాను. కొడుకు పెట్టే ముద్ద బతికున్న మనిషి పేరు మీద పెడుతుంటే, ఆ మనిషి నా పక్కనే తలపాగా చేతిలో పట్టుకొని నిలబడి చూశాడు.

కాకి రాలేదు. ఎంతసేపటికీ రాలేదు. ఏం కోరిక మిగిలిందో, ఎవరి మీద మనసుందో అని తలా ఒక మాట అన్నారు. అప్పుడు దోస్తు తాత ముందుకు పోయి, పిండం దగ్గర గొంతుకూర్చుని మెల్లగా ఏదో అని వచ్చాడు. ఏమన్నాడో నాకు తెలుసు. కాసేపటికి కాకి వచ్చింది. దానికి అప్పటికి ఆకలైందేమో, నేను దాని గురించి ఎవరితోనూ కొట్లాడను.

తర్వాత మున్సిపాలిటీ నుంచి సదయ్య చనిపోయాడని కాగితం వస్తే, అది చదివించుకొని దోస్తు తాత నాతో, “వదినె, నేను పోయిన్నని సర్కారే రాసిచ్చింది. ఇగ యముడు నా కోసమొస్తే ఈ కాగితం చూపిచ్చి మలుపుత” అన్నాడు. ఇద్దరం నవ్వి, నవ్వి, ఏడ్చాం.

ఇప్పుడు నా మాట ఎక్కడ మొదలైందో అక్కడికి వచ్చాను. నువ్వు ఫోను చేసిన రోజే మీ బాపు దోస్తు తాతకూ ఫోను చేసి, తొట్టెలకు రమ్మని పిలిచి, పేరు సంగతి చెప్పాడు. ఆయనకు పాపం ఎట్లా ఉంటుంది? నేనే ఫోను చేశాను. “పెట్టనియ్ వదినె. పోరి ముచ్చటపడ్డది. నేనింక ఎన్ని రోజులుంట? ఇచ్చిన పేరే గదా” అన్నాడు.

అదిగో, నాకు ఆ మాటకు కోపం వచ్చింది. ఆయన మీద కాదు, మనందరి మీద. ఒకసారి ఇచ్చాడు, మన పొయ్యి వెలిగింది. మీ బాపు చదువు, నీ చదువు, ఈ రేకుల ఇల్లు, అన్నీ ఆ కార్డు మీద నడిచి వచ్చినవే. పోయేలోపు ఆయన పేరు ఆయనకు తిరిగి ఇయ్యాల్సింది పోయి, రెండోసారి కూడా మనమే తీసుకుంటామా? ఆయన ఇస్తానంటాడు, ఆయన గుణమే అది. నేను మాత్రం తీసుకోనియ్యను.

నువ్వు సరిచూసింది తప్పు కాదు రవళీ. సదయ్య అంటే దయ ఉన్నవాడని నీ ఫోను చెప్పింది అక్షరాలా నిజం. మనిషే వేరు. ఇంత సరిగ్గా అతికిన పేరు నేను ఇంకెక్కడా చూడలేదు.

అందుకని నా కోరిక ఇది. బళ్ళో రాయించడానికి, ఆధార్‌కు, నీకూ సంపత్‌కూ నచ్చిన పేరు పెట్టుకోండి. మొదట రుత్విక్ అనుకున్నామన్నావు కదా, అదే పెట్టుకోండి. దాని అర్థం నువ్వు సరిచూసే ఉంటావు, నేను అడగను. కాని తొట్టెల నాడు బిడ్డను తొట్టెల మీది నుంచి, కింది నుంచి చేతులు మార్చి చెవిలో పేరు పిలుస్తారు కదా, అప్పుడు ఒక్కసారి బిడ్డను నా చేతికి ఇయ్యండి. వాడి ముత్తాత సొంత పేరు వాడి చెవిలో నేను పిలుస్తాను. తర్వాత దాన్ని ఎవరూ వాడనక్కరలేదు. కొడుకు కూడా తెలియక ఒకరి పేరు మీద సాగనంపిన మనిషిని, ఇంట్లోకి సొంత పేరుతో ఒక్కసారి పిలుచుకోవాలని ఉంది. ఇన్నేళ్ళూ ఆ పేరు నా నోటితో పలకలేదు. ఆ పసివాడి చెవిలో పలికితే తప్పు కాదని టీచరమ్మ కూడా అన్నది.

శనివారం రామగుండం స్టేషన్లో బండి ఎక్కుతాను. దోస్తు తాత కూడా వస్తాడు. రానన్నాడు, నేను గదమాయించాను. ఆయన గడపలోకి రాగానే నువ్వు, “రా సదయ్య తాతా” అని పిలువు. అందరి ముందు, గట్టిగా. ఇప్పుడు ఏ జీపూ రాదు. వచ్చినా నేనున్నాను.

మీ తాత పేరేమిటని ఇప్పుడు అడగకు. తొట్టెల దగ్గర వింటువుగాని. మీ అమ్మకు, బాపుకు దీవెనలు. వియ్యపురాలికి దండాలు. పసివాడికి దిష్టి తీయడం మరవకు.

ఇట్లు,
నీ మీద ఏ కోపమూ లేని
మీ బాపమ్మ
ఐలవ్వ వేలిముద్ర

తా.క. ఉత్తరం అంతా చదివించుకొని విన్నాను. మడత పెడుతుంటే టీచరమ్మ ఆగి, “ఐలక్కా, పిల్ల కొలువే పేర్లు సరిచూసుడు. పేరే చెప్పకుండ సరిచూడు అంటే ఎట్ల?” అన్నది. నేనూ ఆలోచించాను. తొట్టెల దగ్గర నలుగురి మధ్య ఆ పేరు ఒక్కసారిగా నీ చెవిన పడితే నీకు ఆ ముసురు సాయంత్రం యాదికొస్తుంది. పచ్చి బాలింతవు, అందరి ముందు నువ్వు తట్టుకోలేవు. ముందే చెప్పడం న్యాయం. అందుకే కాగితం మళ్ళీ విప్పమన్నాను.

మంచినీళ్ళు తాగాను. టీచరమ్మ తొందరపెట్టలేదు.

మీ తాత పేరు పెంటయ్య.

రాసింది చదవమన్నాను. చదివింది. ఇంకోసారి చదవమన్నాను.

నువ్వు ఏడవకు బిడ్డా. ఆ రోజు ఉప్పుకని ఆయన లోపలికి పోతే, మనసు నొచ్చుకున్నాడేమోనని నేను వెనకాలే పోయాను. బియ్యం డబ్బా పక్కన గోడకు ఆనుకొని నిలబడ్డాడు. కళ్ళు తడిగా ఉన్నాయి, మొహం మాత్రం పండుగలా ఉంది. “ఇన్నవా? నా మనుమరాలు నన్ను పేరు పెట్టి పిలిచినట్టే ఉన్నదే. మన ఇంట్ల ఎవ్వరన్న నా పేరు పలుకుడు ఇదే మొదలు” అన్నాడు. “ఇంకోపాలి సదువుమందునా?” అని కూడా అడిగాడు. నోరు మూసుకొని కంకి తినమన్నాను.

మొదటిసారి పిలిచింది నువ్వు. రెండోసారి నేను పిలుస్తాను.